రాగిలో మా తగరం

మా ఇళ్ళల్లో పిల్లలు ఒక లోహం గురించి అడుగుతుంటారు. దాని పేరు వైబ్రేనియం. అమెరికా బొమ్మల కథల పుస్తకాల్లో 1966లో పుట్టింది. 2018లో ‘బ్లాక్ పాంథర్’ సినిమా వచ్చాక చిత్తూరు, తిరుపతి గల్లీల్లో పెరిగే పిల్లలకు కూడా చుట్టమైపోయింది. తగిలిన ప్రతి దెబ్బలోని కంపనాన్నీ ఆ లోహం తాగేసి తనలో దాచుకుంటుందట. అదను చూసి ఒక్కసారిగా బయటికి వదులుతుందట. ఆఫ్రికాలో వకాండా అనే ఊహా రాజ్యం ఉంది. లోహమంతా అక్కడే ఉంది. దాన్ని లోకానికి చూపించకుండా, తలుపులేసుకుని బతికింది కాబట్టే తెల్లవాడి కాలు ఆ నేల మీద పడలేదని కథ.

‘నాయనా, మనకు అట్లాంటి లోహం ఏదన్నా ఉందా?’ అని పిల్లలడుగుతారు.

‘అదంతా కథరా, పోయి చదువుకో’ అని తప్పించుకోవచ్చు. మేం కూడా మొదట అదే పని చేశాం. తర్వాత ఆలోచిస్తే ఆ ప్రశ్న చిన్నది కాదనిపించింది. తరతరాలుగా దెబ్బలు తిన్న నల్లవాళ్ళకు ఆ కథ ఎందుకంత నచ్చింది? తగిలిన దెబ్బ ఊరికే పోదని, ఎక్కడో దాగి ఉంటుందని, ఒకనాడు తిరిగొస్తుందని అది చెప్తుంది. ఇది మాదీ అని చూపించుకోడానికి చెరగనిది ఒకటుందని చెప్తుంది. మా పిల్లలు అడిగేదీ అదే. ఈ నేల మనల్ని గుర్తుపెట్టుకుందా? పెట్టుకుంటే ఎక్కడ దాచింది?

శాస్త్రం ఒప్పుకునే మాట ముందు చెప్పుకుందాం. కంపనాన్ని దాచుకుని, అడిగినప్పుడు తిరిగిచ్చే లోహం లోకంలో లేదు. గంటను కొడితే లోహం కొంచెం వంగుతుంది, మళ్ళీ తన ఆకారానికి వస్తుంది, అటు వంగుతుంది, ఇటు వంగుతుంది. ఆ ఊగులాటే మోత. కొంత గాలిలోకి పోతుంది, కొంత లోహంలోనే వేడిగా మారుతుంది. కాసేపటికి ఆగిపోతుంది. సీసం లాంటి మెత్తటి లోహాన్ని కొడితే అది కూడా ఉండదు, దెబ్బ లోపలే చచ్చిపోతుంది. రేపటికోసం దాచిపెట్టే లోహమంటూ ఏదీ లేదు.

దగ్గరగా వచ్చింది ఒకటుంది. 1877లో ఎడిసన్ గుండ్రటి డోలు లాంటి లోహపు గొట్టానికి పలచటి తగరపు రేకు చుట్టాడు. మాట్లాడితే సూది అదిరింది. అదురు రేకు మీద గీతగా పడింది. అదే గీతమీద మళ్ళీ సూదిని నడిపిస్తే మాట వినపడింది. మనిషి గొంతు మళ్ళీ వినపడేలా మొట్టమొదట దాగింది తగరంలోనే. అయితే ఆ రేకు నాలుగైదు సార్లు తిప్పితే చిరిగిపోయేది.

తగరం మాట గుర్తుంచుకోండి. దానితో మాకు పనుంది.

*

మా జిల్లాలో పాటను లోహంలో దాచిన కథ ఎడిసన్ కంటే చాలా పాతది. తాళ్ళపాక అన్నమయ్య 1408లో పుట్టి 1503లో పోయాడు. ముప్పై రెండు వేల సంకీర్తనలు చెప్పాడంటారు. ఆయన కొడుకు పెద తిరుమలాచార్యుడి కాలంలో వాటిని రాగిరేకుల మీద చెక్కించి తిరుమల గుడిలో ఒక రాతి అరలో భద్రం చేశారు. దాని పేరు సంకీర్తన భాండారం. హుండీకి ఎదురుగా ఉంటుంది. ఒకవైపు కానుకలు గలగలమంటూ పడుతుంటే ఎదురుగా ఆ అర మాత్రం మౌనంగా ఉండిపోయింది. 1922 ప్రాంతంలో గానీ అందులో ఏముందో లోకానికి తెలియలేదు. రెండు వేలకు పైగా రేకులు బయటికొచ్చాయి. ఇప్పుడు మనకు దొరుకుతున్న పాటలు పన్నెండు వేలకు పైమాటే.

రేకులో ఏముంది? పాట మాటలున్నాయి. ఏ రాగమో పేరుంది. వరస లేదు. అన్నమయ్య గొంతు ఎక్కడ సాగిందో, ఎక్కడ విరిగిందో రాగి చెప్పదు. సాధు సుబ్రహ్మణ్యశాస్త్రి, వేటూరి ప్రభాకరశాస్త్రి లాంటి పండితులు రేకులు చదివి అచ్చుకెక్కించారు. రాళ్ళపల్లి అనంతకృష్ణశర్మ 1950 ప్రాంతంలో తిరుపతికి వచ్చి వందకు పైగా పాటలకు కొత్తగా వరసలు కట్టారు. తర్వాత నేదునూరి కృష్ణమూర్తి కట్టారు. 2025 మార్చిలో కన్నుమూసిన గరిమెళ్ళ బాలకృష్ణప్రసాద్ ఒక్కరే ఆరు వందలకు పైగా కట్టారు. 1980 ప్రాంతంలో ఎం.ఎస్. సుబ్బులక్ష్మి రికార్డులొచ్చాక ఆ పాటలు ప్రతి వాకిట్లో పొద్దున్నే మోగాయి. మా వాకిళ్ళలో కూడా మోగాయి. ఫజర్ నమాజు ముగించుకుని వచ్చే మా తాతల చెవుల్లో అజాన్ తర్వాత పడిన రెండో శబ్దం అదే.

ఇక్కడ మాకొక సందేహం. ఆ అర మూసి ఉన్న శతాబ్దాల్లో పాట ఎక్కడుంది? రేకులో ఉందంటారా? రేకును చెవి దగ్గర పెట్టుకుంటే ఏమీ వినపడదు. గాయకుల నోట్లో ఉందంటారా? ఆ వరసలు చాలావరకు మరుపున పడ్డాయి. మరి ఎక్కడా లేదంటారా? లేకపోతే 1922 తర్వాత ఎక్కడినుంచి వచ్చింది?

మాకు తోచింది ఇదీ. రాగిలో ఉన్నది పాట కాదు, పాడమని పిలుపు. ఎవరో వచ్చి చదవాలి, ఊపిరి పోయాలి, గొంతెత్తాలి. అప్పుడే పాట. దాచినవాడి పుణ్యం సగమే. మిగతా సగం తెరిచినవాడిది, పాడినవాడిది, విన్నవాడిది. అలా చూస్తే అన్నమయ్య పాటలో విన్న వాటా మాకూ ఉంది. దానికి ఎవరి అనుమతీ తీసుకోలేదు. పొద్దుటి గాలి మతం అడిగి ఇంట్లోకి రాదు కదా.

*

మరి మా శబ్దాలను ఎవరు చెక్కించారు? ఎవరూ చెక్కించలేదు. మాకు రాతి అర లేదు, రాగిరేకు లేదు. చిత్తూరు దగ్గర నరసింగరాయనిపేట విడిదిలో 1782 డిసెంబర్ 7న హైదర్ అలీ చనిపోయాడని చరిత్ర రాసుకుంది. అతని సైన్యం గుడారాల్లో వంటపాత్రలకు కళాయి పోసిన సాయిబు పేరు రాసుకోలేదు. నవాబులూ సుల్తాన్లూ పోతే మాకు చరిత్రే లేదన్నట్టు మాట్లాడతారు. వాళ్ళు మా తాతలు కారు. మా తాతలు దూది ఏకారు, కళాయి పోశారు, బీడీలు చుట్టారు, జట్కాలు తోలారు.

దూదేకుల విల్లు చూసినవాళ్ళు ఇప్పుడు తక్కువ. మనిషి ఎత్తున్న విల్లు. దానికి నరంతో చేసిన గట్టి నారి. నారిని దూది కుప్పలో పెట్టి కర్రగుండుతో కొడితే డుమ్ము డుమ్మని అదిరేది. ఆ అదురుకే దూది విచ్చుకునేది. గింజ, మట్టి, చెత్త కిందికి రాలేవి. పింజ మబ్బులా పైకి లేచేది. చేత్తో పీకితే తెగిపోయే పోగును శబ్దంతో విడదీసిన పనితనం అది. ఒక కంపనాన్నే కూటికి ఆధారం చేసుకున్న కులం మాది. ఆ కంపనం ఎక్కడ దాగింది? ఊళ్ళో వాళ్ళ పరుపుల్లో, దిండ్లలో. వాళ్ళు దాని మీదే నిద్రపోయారు, వినలేదు.

కళాయి సాయిబు వీధిలోకి వచ్చి గుంట తవ్వి, తిత్తి పెట్టి, బొగ్గులు రాజేసేవాడు. పాత్ర ఎర్రగా కాలాక నవసాగరం చల్లేవాడు. తెల్లటి పొగ లేచేది. తగరపు కడ్డీని ఒక్కసారి తాకించి దూది ఉండతో గిర్రున తుడిచేవాడు. నల్లటి గిన్నెలో చంద్రుడు పుట్టేవాడు. పిల్లలంతా చుట్టూ మూగేది ఆ ఒక్క క్షణం కోసమే. రాగి ఎంత పవిత్రమైనా ఒంటరిగా పులుసుకు పనికిరాదు. చింతపండు పడితే చిలుము పట్టి విషమవుతుంది. తగరం పూత ఉంటేనే అందులో కూర వండుకోవచ్చు. స్టీలు, సత్తు గిన్నెలు వచ్చి ఆ పొయ్యిని ఆర్పేశాయి.

కోస్తాలో, ముఖ్యంగా ప్రకాశం, గుంటూరు జిల్లాల్లో మా దూదేకులవాళ్ళు గుడి ముందు నాదస్వరం ఊదారు. ఒంగోలు పక్కన కరవదిలో పుట్టిన షేక్ చినమౌలానా శ్రీరంగంలో స్థిరపడి రంగనాథుడి ముందు జీవితమంతా వాయించాడు. 1977లో పద్మశ్రీ వచ్చింది, 1999లో పోయాడు. 2020 పద్మశ్రీల్లో కాలీషాబీ మహబూబ్, షేక్ మహబూబ్ సుభానీ దంపతులున్నారు. ఊదినంతసేపే ఆ శబ్దం. రికార్డుకెక్కినవారు కొందరు. ఎక్కకుండా పెళ్ళిపందిళ్ళలో ఊపిరితిత్తులు అరగదీసుకున్నవారు లెక్కలేనంతమంది.

రికార్డు లేనివాడికి హక్కు లేదా? ఇది మాకు ఉబుసుపోక వేసుకునే ప్రశ్న కాదు. 2019 డిసెంబర్‌లో పౌరసత్వ సవరణ చట్టం వచ్చినప్పుడు, ఆ తర్వాత దేశమంతా పౌరుల జాబితా తయారుచేస్తారన్న మాట వినపడినప్పుడు, మా ఇళ్ళల్లో అర్ధరాత్రి ట్రంకుపెట్టెలు తెరుచుకున్నాయి. ఒక కార్డులో మస్తాన్, ఇంకో దాంట్లో మస్తానయ్య, మరో దాంట్లో మస్తాన్ వలి. ముగ్గురూ ఒకే తాత. పూర్వం తామ్రశాసనం ఉన్నవాడికే మాన్యం దక్కేది. మాకు శాసనం లేదు. విల్లు ఉండేది, తిత్తి ఉండేది, సన్నాయి ఉండేది. వాటిని ఏ కౌంటరులో చూపించాలి?

ఒక చిత్రం చూడండి. కాగితం చూపించమంటారు. కాగితం అనే మాట పారసీ ‘కాగజ్’ నుంచి వచ్చింది. దస్తావేజు చూపించమంటారు. అదీ పారసీదే. రైతు, జిల్లా, జవాబు, ఖరీదు, దుకాణం, కళాయి, చివరికి పెళ్ళిలో మోగే సన్నాయి కూడా ఆ దారినే తెలుగులోకి వచ్చాయి. మమ్మల్ని బయటివాళ్ళు అనడానికి కూడా మా మాటలే కావలసి వచ్చాయి. ఇంతకన్నా శాసనం ఏం కావాలి?

*

మాకు లోహంతో ఇంకో బంధం ఉంది. పీర్లు. మా రాయలసీమ పల్లెల్లో పీర్ల చావిడి లేని ఊరు తక్కువ. ఇత్తడి, వెండి, పంచలోహం పీర్లు ఏడాదంతా పెట్టెలో గుడ్డ చుట్టుకుని పడుకుంటాయి. మొహర్రం నెల చంద్రుడు కనపడగానే లేస్తాయి. చింతపండుతో తోమి, దట్టీలు కట్టి, గంధం పూసి నిలబెడతారు. 680లో కర్బలా ఇసుకలో హుసేన్ను చంపారు. ఆ దుఃఖం అరబ్బు దేశం, ఇరాన్ దాటి, గోల్కొండ చేరింది. 1590లలో మహమ్మద్ కులీ కుతుబ్ షా హైదరాబాదులో బాద్షాహీ ఆషూర్ఖానా కట్టించాడు. అక్కడినుంచి పల్లెపల్లెకూ నడిచింది. ఇవాళ మా ఊళ్ళో పీరు ఎత్తుకునేవాడు చాలాచోట్ల ముస్లిం కాడు. ఏ కాపో, బోయో, మాలో. డప్పు దరువు పడగానే వాడి చేతిలో లోహం వణుకుతుంది. వాడు వణుకుతాడు. అలావి గుండం చుట్టూ ఊరంతా వణుకుతుంది.

పిల్లలూ, మీరడిగిన లోహం ఇదేనేమో. పదమూడు వందల ఏళ్ళ కిందటి ఏడుపును దాచుకుని ఏడాదికి పదిరోజులు వదులుతుంది. కానీ వణికేది లోహమా, పట్టుకున్న చెయ్యా? చెయ్యే అని మాకు తెలుసు. ఆ చెయ్యి ఎవరిదో కూడా తెలుసు.

ఇక్కడే ఇద్దరు అడ్డం వస్తారు. ఒకాయన అంటాడు: సాయిబుల పీరును హిందువు మొయ్యడమేమిటి, అపచారం. ఇంకొకాయన మాలోంచే వచ్చి అంటాడు: లోహాన్ని నిలబెట్టి దండం పెట్టడమేమిటి, ఇస్లాంలో లేదు, పీర్లను నీళ్ళలో పారెయ్యండి. రెండో ఆయన మాటను మేం తేలిగ్గా తీసెయ్యం. ఆయనకు గ్రంథం ఉంది, నిజాయితీ కూడా ఉండొచ్చు. దేవుడొక్కడే అన్నమాట మాకూ ప్రాణమే. అయినా ఈ ఇద్దరూ ఒకే పని చేస్తున్నారని చెప్పక తప్పదు. కలిసిన లోహాన్ని మళ్ళీ విడదీయాలంటున్నారు. శుద్ధ రాగి కావాలని ఒకరు, శుద్ధ తగరం కావాలని ఒకరు.

శుద్ధ రాగిని కొట్టి చూడండి. మెత్తగా వంగుతుంది. శుద్ధ తగరాన్ని కొట్టి చూడండి. అదీ అంతే. దాదాపు నాలుగు పాళ్ళ రాగిలో ఒక పాలు తగరం కలిపి కరిగిస్తే కంచు. రెండు మెత్తటి లోహాలు కలిస్తే రెండింట్లోనూ లేని గట్టిదనం పుట్టింది. రెండింట్లోనూ లేని మోత పుట్టింది. గుడిగంట ఆ కలగలుపు వల్లే మోగుతోంది.

వేమన మాకు ఇష్టమైనవాడు. కదిరి పక్కన కటారుపల్లెలో ఆయన సమాధి ఉంది. ఆయన కంచునూ బంగారాన్నీ పక్కపక్కన పెట్టి, మోగేదానికన్నా మోగనిదే గొప్పదని తేల్చాడు. అల్పుడి ఆడంబరం గురించి చెప్పాడని తెలుసు. ఆ ఒక్క పోలిక దగ్గర మాత్రం ఆయనతో పేచీ పడతాం. మోగకుండా ఉండడం బంగారానికి చెల్లుతుంది. దానికి విలువ ముందే ఉంది. ఏమీ లేనివాడు మోగకపోతే ఉన్నట్టే తెలియదు. తిరుమలలో 1984లో మొదలైన అష్టదళ పాదపద్మారాధనలో 108 బంగారు పూలు వాడతారు. వాటిని ఇచ్చింది గుంటూరు ముస్లిం భక్తుడు. ఆయన భక్తికి సలాం. పత్రికలు మత సామరస్యం అనగానే ఆ పూలనే చూపిస్తాయి. మా మాట ఒక్కటే. బంగారం ఇచ్చిన సాయిబు వార్త అయ్యాడు, అదే ఊళ్ళో గిన్నెకు తగరం పూసిన సాయిబు ఎందుకు కాలేదు?

లౌకికవాద మిత్రులకు కూడా ఒక మాట చెప్పాలి. మీరు మమ్మల్ని ప్రేమిస్తారు. అయితే కళాయిని ప్రేమించినట్టు ప్రేమిస్తారు. పండగకు ముందు ఒక పూత. రంజాన్ నాడు హలీం, సభలో ఒక షేర్వానీ, వేదిక మీద ఒక ఖవ్వాలీ. మెరుపు తగ్గితే గీకేసి మళ్ళీ పూయించొచ్చు. కళాయిలో తగరం పైపూత. కంచులో తగరం లోపలి పాలు. దాన్ని గీకి తీయలేరు. మేం అడిగేది ఈ రెండో లెక్క.

పోలిక పెట్టాక దాని తప్పూ చూపించాలి. తగరం దూరం నుంచి వచ్చే లోహం కాబట్టి, చూశారా మీరూ దూరం నుంచి వచ్చినవాళ్ళేనని ఎవరైనా అనొచ్చు. మాలో ఎక్కువమంది ఎక్కడినుంచీ రాలేదు. మా దూదేకుల ఇళ్ళల్లో అవ్వలు తెలుగులోనే ఏడ్చారు, తెలుగులోనే దువా చేశారు. ఒక్కొక్కరిలోనూ రాగి ఉంది, తగరం ఉంది. మీలోనూ ఉంది. కాగితం అన్న ప్రతిసారీ మీ నోట్లో తగరం మోగుతోంది.

కంచుకు ఒక బలహీనత కూడా ఉంది. అది పెళుసు. రాగిలా వంగి దెబ్బ కాచుకోలేదు. గట్టిగా తగిలితే బీటవారుతుంది. బీటవారిన గంట మోగదు, గీరుమంటుంది. 1992 డిసెంబర్ 6న అట్లాంటి దెబ్బ ఒకటి తగిలింది. మేం గీరుమన్నాం. ఆ గీరుపాటే 1998లో ‘జల్‌జలా’ అనే కవితా సంకలనమై వచ్చింది. జల్‌జలా అంటే భూకంపం. దెబ్బను దాచుకుని ఆరేళ్ళకు వదిలిన లోహం అదే, పిల్లలూ. అది మనుషులతో చేసింది. గొంతు కర్ణకఠోరంగా ఉందని అప్పట్లో కొందరన్నారు. పగిలిన గంట దగ్గర ఏ రాగం వినాలనుకున్నారు?

పగిలిన గంటను అతుకు వేసి బాగుచెయ్యడం కష్టం. కరిగించి మళ్ళీ పోత పోయాలి. అందులో పాత రాగీ ఉంటుంది, పాత తగరమూ ఉంటుంది. ఎవరి పాలు తీసేసినా అది కంచు కాదు.

*

వకాండా తన లోహాన్ని దాచుకుని బతికింది. మాకు ఆ దారి లేదు, ఆ కోరికా లేదు. మా శబ్దం మీ పరుపుల్లో ఉంది, మీ గిన్నెల్లో ఉంది, మీ పెళ్ళిళ్ళలో, మీ మాటల్లో ఉంది. తలుపులేసుకుంటే దాన్ని ఎక్కడ వెతుక్కోవాలి?

మా అవ్వలకు ఒక అలవాటుండేది. కంచు కంచం కొనేటప్పుడు అంచు పట్టుకుని వేలి మెటికతో టింగుమని కొట్టేవాళ్ళు. చెవి దగ్గర పెట్టుకుని మోత సన్నగిల్లేదాకా వినేవాళ్ళు. ఎవరు పోతపోశారని అడిగేవాళ్ళు కాదు. ఎక్కడన్నా బీట ఉందేమోనని మాత్రం వినేవాళ్ళు. బీట ఉంటే నిర్మొహమాటంగా చెప్పి పక్కన పెట్టేవాళ్ళు.

పిల్లలకు ఆ అలవాటు నేర్పుతున్నాం. మీ పిల్లలకూ నేర్పండి.